పెర్సీ స్మిత్ ఎవరు? పువ్వు విచ్చుకునేదాకా కాపలా కాసిన గుమాస్తా

అడిగినవారు జూనియర్ కాలేజీలో బాటనీ చెప్పే మేడమ్. 1910లో లండన్‌లో తీసిన ‘ది బర్త్ ఆఫ్ ఎ ఫ్లవర్’ అనే పొట్టి సినిమా క్లాసులో వేశారట. పిల్లలు మూడు ప్రశ్నలు వేశారు. ఇది తీసినాయన ఎవరు? టైమ్‌లాప్స్ (నెమ్మదిగా జరిగేదాన్ని ఆగి ఆగి తీసి, తెర మీద వేగంగా చూపించే పద్ధతి) కనిపెట్టింది ఈయనేనా? కంప్యూటర్లు లేని రోజుల్లో ఎలా తీశాడు? తెలుగులో ఎక్కడ వెతికినా రెండు ముక్కలకు మించి దొరకలేదని మేడమ్ రాశారు.

మేడమ్ గారూ, ముప్పై ఏళ్ళు నేను చేసింది ఈ పనే. రైతులకూ బడిపిల్లలకూ పాఠం చెప్పే సినిమాలకు కెమెరా పట్టాను. పాటలు, ఫైట్లు తీసినవాళ్ళ పేర్లు ఊరందరికీ తెలుస్తాయి. విత్తనం మొలకెత్తడం తీసినవాడి పేరు పక్క వీధికి కూడా తెలియదు. అందుకే మీ పిల్లలు ‘ఎవరు తీశారు’ అని అడిగారని చదవగానే నాకు చాలా సంతోషమేసింది. కాస్త పొడుగ్గానే రాస్తాను.

ముందు రెండో ప్రశ్న తేల్చేద్దాం. కనిపెట్టింది ఈయన కాదు. జర్మనీలో లైప్‌జిగ్ విశ్వవిద్యాలయంలో విల్హెల్మ్ ఫెఫర్ అనే వృక్షశాస్త్రవేత్త 1898-1900 మధ్యనే మొక్కల కదలికలను ఈ పద్ధతిలో తీశాడు. ఆయన తీసింది తన శాస్త్రం కోసం, తన విద్యార్థుల కోసం. పెర్సీ స్మిత్ దాన్ని టికెట్ కొనుక్కుని హాల్లో కూర్చునే మామూలు జనం దగ్గరికి తెచ్చాడు. రెండూ వేరు వేరు ఘనతలే. పిల్లలకు అలాగే చెప్పండి, ఒకరిది తీసి ఇంకొకరికి పెట్టక్కర్లేదు.

మన దగ్గర ఇంకో ముచ్చట ఉంది, ఇది క్లాసులో తప్పకుండా చెప్పండి. దాదాసాహెబ్ ఫాల్కే 1912లో లండన్ వెళ్ళి కెమెరా కొనుక్కొచ్చాక మొదట తీసింది ‘రాజా హరిశ్చంద్ర’ కాదు. కుండీలో నాటిన గింజ మొలకెత్తి మొక్క కావడాన్ని కొద్దికొద్దిగా, రోజుల తరబడి తీశాడు. సినిమాకు డబ్బు పెట్టేవాళ్ళకు ఈ యంత్రం ఏం చేయగలదో చూపించడానికి ఆ మొలకే సాక్ష్యం. స్మిత్ పువ్వుకూ ఫాల్కే మొలకకూ మధ్య రెండేళ్ళే తేడా. ఒకరిని చూసి ఒకరు తీశారని నేననను. కెమెరా చేతికొస్తే మనిషికి మొదట చూడాలనిపించేవాటిలో ఇదొకటి, అంతే.

ఇక మనిషి సంగతి. పూర్తి పేరు ఫ్రాంక్ పెర్సీ స్మిత్. 1880 జనవరిలో లండన్‌లోని ఇజ్లింగ్టన్‌లో పుట్టాడు. పద్నాలుగేళ్ళకే చదువు ఆపి ప్రభుత్వ విద్యా బోర్డులో గుమాస్తాగా చేరాడు. పగలంతా ఫైళ్ళు, సాయంత్రమైతే సూక్ష్మదర్శిని. లండన్‌లో క్వెకెట్ మైక్రోస్కోపికల్ క్లబ్ అని ఔత్సాహికుల సంఘం ఒకటుంది. అందులో సభ్యుడై కొంతకాలం దాని పత్రికకు సంపాదకత్వం కూడా చేశాడు. సాలెపురుగులంటే ఆయనకు ప్రత్యేకమైన ఇష్టం. డిగ్రీ లేదు, ప్రయోగశాల లేదు. ఉన్నదల్లా కన్ను, ఓపిక.

ఆయన తీసిన ఒక ఈగ నాలుక ఫొటో చార్ల్స్ అర్బన్ కంట పడింది. అర్బన్ అమెరికా నుంచి వచ్చి లండన్‌లో సినిమా కంపెనీ పెట్టిన వ్యాపారి. సైన్సు సినిమాలు కూడా జనం చూస్తారని నమ్మినవాడు. 1903లోనే ఆయన కంపెనీ మార్టిన్ డంకన్ చేత జున్నులో పాకే పురుగులను సూక్ష్మదర్శినిలోంచి తీయించి నాటకశాలలో తెర మీద వేయించింది. స్మిత్‌ను కూడా సినిమా తీసి పెట్టమన్నాడు. 1908 నుంచి ఉద్యోగం చేస్తూనే తీశాడు, 1910లో ఉద్యోగం వదిలేశాడు. పిల్లల చదువు కోసం పెట్టిన ఆఫీసులో ఏళ్ళ తరబడి కలం గీసిన మనిషి, పిల్లలకు పనికొచ్చే సినిమాలు తీయడానికి ఆ ఆఫీసు నుంచే బయటికి రావలసొచ్చింది.

మొదట పేరొచ్చింది ఈగతో. వెల్లకిలా ఉన్న ఈగ కాళ్ళతో బెండు ముక్కను, పుల్లను, తనకంటే పెద్ద బంతిని గిరగిరా తిప్పుతుంది. సర్కస్ చూసినట్టే ఉంటుంది. ఈగకు శిక్షణ ఇచ్చాడని కొందరు, హింస పెట్టాడని కొందరు అనుకున్నారు. రెండూ కాదు. ఈగను కదలకుండా పట్టి ఉంచి, తీయడం అయ్యాక వదిలేశాడు. దీని వెనక ఉన్న విషయం మీ సబ్జెక్టుకు దగ్గరే: ఈగ పాదాలకు ఏదైనా తగిలితే అది ఎగరడం మానేసి నడవడం మొదలుపెడుతుంది. నేల తన కింద ఉన్నా, బంతి తన పైన ఉన్నా దానికి ఒకటే. అంటే ఆ ఈగ బంతిని ఆడించడం లేదు, బంతి మీద నడుస్తోంది! నడిచేది కదలదు కనక బంతి తిరుగుతుంది. ఈ ఒక్క మాట ముందు చెప్పి సినిమా వేయండి, పిల్లలు నవ్వడం ఆపి ముందుకు వంగి చూస్తారు. 2013లో బీబీసీ ఫోర్ ఛానెల్ స్మిత్ మీద ఒక కార్యక్రమం చేసినప్పుడు, ఈ కాలపు వైల్డ్‌లైఫ్ కెమెరామన్ ఒకాయన ఇదే ఈగ షాటును మళ్ళీ తీయడానికి ప్రయత్నించాడు. వందేళ్ళ తర్వాత, ఇన్ని పరికరాలుండి కూడా అది తేలిక పని కాలేదు.

ఇక పువ్వు. పిల్లల మూడో ప్రశ్న ఇదే కనక లెక్కతో సహా చెబుతాను, బోర్డు మీద వేయించండి.

అప్పటి మూకీ సినిమా సుమారుగా సెకనుకు 16 ఫ్రేములు, అంటే 16 విడి బొమ్మలు. 35 మిల్లీమీటర్ల ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు పడతాయి. అంటే సెకనుకు ఒక అడుగు ఫిల్ము. ఒక మొగ్గ పూర్తిగా విచ్చుకోవడానికి రెండు రోజులు పడుతుందనుకుందాం, 2,880 నిమిషాలు. తెర మీద దాన్ని 20 సెకన్లలో చూపించాలి. 20 సెకన్లంటే 320 ఫ్రేములు. 2,880ని 320తో భాగిస్తే 9. ప్రతి తొమ్మిది నిమిషాలకు ఒక్క ఫ్రేము, రాత్రీ పగలూ, రెండు రోజులు. ఇదంతా అయితే చేతికొచ్చేది 20 అడుగుల ఫిల్ము, తెర మీద పిల్లాడు నాలుగుసార్లు ఊపిరి పీల్చేంత సేపు. పైగా ఒకటి రెండుసార్లు పువ్వు ఫ్రేములోంచి పక్కకు జరిగిపోతుంది, లేదా వాడిపోతుంది, మళ్ళీ మొదటికి. ఆ సినిమాలో అలాంటి పువ్వులు ఒకటి కాదు, క్రోకస్, హయసింత్, లిల్లీ, గులాబీ, ఇంకా ఉన్నాయి.

చేత్తో అయ్యే పని కాదది. స్మిత్ ఇంట్లోనే యంత్రాలు కట్టుకున్నాడు. కొట్లో దొరికేవి కావు, తనే చేతికి దొరికిన సామానుతో అమర్చుకున్నవి. లండన్ ఉత్తరాన సౌత్‌గేట్‌లో ఆయన ఇల్లే స్టూడియో. కెమెరాలో ఫిల్ము మార్చాలన్నా, యంత్రం ఎక్కడైనా మొరాయించినా అర్ధరాత్రి తనను లేపేలా ఇంటి నిండా గంటలు పెట్టుకున్నాడు. ఆ ఇంట్లో ఆయన భార్య కూడా ఉంది. గంట మోగిన ప్రతి రాత్రీ నిద్ర చెడింది ఇద్దరికీ. తెర మీద పేరు లేని ఆవిడను కూడా నేను తలుచుకుంటాను.

గంటల విషయం ఎందుకంత గట్టిగా చెబుతున్నానంటే, నా అనుభవం ఒకటి చెప్పాలి.

తొంభైల మొదట్లో దివిసీమలో మాగాణి మినుము మీద ఒక సినిమా తీస్తున్నాం. మీరు ఆ వైపు వారైతే బంగారు తీగ తెలిసే ఉంటుంది. వరి కోయడానికి రెండు మూడు రోజుల ముందు చేలో మినుము చల్లుతారు, మొలక లేచేసరికి ఈ తీగ కూడా లేస్తుంది. ఆకు లేదు, పచ్చదనం లేదు, పసుపు దారం పోగులా ఉంటుంది. మినుము కాడకు చుట్టుకుని, దానిలోకి వేళ్ళ లాంటివి దించి రసం పీలుస్తుంది. కాడ దొరికాక నేలలో ఉన్న తన మొదలు ఎండిపోయినా దానికి పర్వాలేదు. కాడ దొరక్కపోతే కొద్ది రోజుల్లో అదే చచ్చిపోతుంది. రైతులకు దాని వల్ల జరిగే నష్టం తెలుసు. మొదటి మూడు రోజుల్లో అది ఏం చేస్తుందో మాత్రం ఎవరూ చూడలేదు, అంత నెమ్మది. అది చూపిస్తే, తొందరగా పీకేయాలని మేం నోటితో చెప్పక్కర్లేదు.

ఒక కుండీలో మినుము మొలకలు, పక్కన బంగారు తీగ మొలక. ఒక రైతు ఇంటి వసారాలో బోలెక్స్ కెమెరా బిగించి, ఐదు నిమిషాలకో ఫ్రేము చొప్పున రెండు రోజులు తీశాం. 576 ఫ్రేములు, తెర మీద 24 సెకన్లు. యంత్రం లేదు. నేనూ, నా అసిస్టెంటు కుర్రాడూ వంతులేసుకుని గడియారం చూసుకుంటూ కెమెరా షట్టరు కేబుల్ నొక్కాం. రెండో రాత్రి కరెంటు పోయింది. నలభై నిమిషాలు పెట్రోమాక్స్ వెలుతురులో తీశాం. తెల్లవారుజామున నా వంతులో నేను నిద్రపోయాను, ఎంతసేపో తెలియదు.

మద్రాసు ల్యాబు నుంచి ప్రింటు వచ్చాక వేసుకుని చూస్తే తప్పులన్నీ తెర మీదే ఉన్నాయి. పెట్రోమాక్స్ చోట సెకనులో మూడో వంతు సేపు బొమ్మ రంగు మారింది. నేను నిద్రపోయిన చోట తీగ ఒక్కసారి గెంతింది. అన్నిటికంటే పెద్ద తప్పు, దీపం ఒక పక్కనే పెట్టడం. రెండు రోజులూ మినుము మొలకలు దీపం వైపు వంగి సగం ఫ్రేములోంచి బయటికి పోయాయి. అయినా మధ్యలో పది సెకన్లు బాగా వచ్చింది. ఆ పసుపు పోగు తల గుండ్రంగా తిరుగుతూ గాలిలో వెతికింది. ఎండు వరి కొయ్యకు తగిలి విడిపోయింది. ఇంకో చుట్టు తిరిగి మినుము కాడకు తగలగానే బిగుసుకుంది. తర్వాత ఆ ఊళ్ళో బడి గోడ మీద వేస్తే ముందు వరసలో కూర్చున్న ఒక పెద్దాయన ‘దీనికి కళ్ళున్నాయిరా’ అన్నాడు. 2006లో అమెరికాలో శాస్త్రవేత్తలు ఈ కుటుంబపు తీగ ఒకటి టమాటా మొక్క వాసన పట్టి దాని వైపు పెరుగుతుందని రుజువు చేశారు. కళ్ళు కాదు గానీ ముక్కుందనుకోవచ్చు. పెద్దాయన గ్రహించింది నిజానికి దగ్గరే.

ఆ సినిమా అయిన చాలా ఏళ్ళకు నేను పెర్సీ స్మిత్ 1930లో తీసిన ‘ది స్ట్రాంగ్లర్’ చూశాను. అదీ ఈ కుటుంబపు తీగ మీదే! ఇంగ్లండులో పెరిగే రకం. నా పది సెకన్లలో ఉన్నదంతా అందులో ఉంది. వెలుతురులో తేడా లేదు, గెంతు లేదు. మొక్క ఎటు పెరిగి ఎక్కడికొస్తుందో ముందే ఊహించి ఫ్రేములో అంత ఖాళీ వదిలిపెట్టాడు. మామూలు కెమెరామన్ ఉన్నదాన్ని ఫ్రేములో పెడతాడు. ఈయన ఎల్లుండి ఉండబోయేదాన్ని పెట్టాడు. ఒక మొక్కను ఎన్నిసార్లు పెంచి, ఎన్నిసార్లు ఓడిపోతే ఆ ఊహ వస్తుందో చేసినవాళ్ళకు తెలుస్తుంది. ఆ రాత్రి గంటల విలువ నాకు అప్పుడు అర్థమైంది.

ఆయన వృత్తి జీవితంలో మధ్య భాగం త్వరగా చెప్పేస్తాను. సాలెపురుగు దారం వదిలి గాలిలో ఎలా ఎగిరిపోతుందో చూపించడానికి 1909లో బొమ్మ సాలెపురుగును కొద్దికొద్దిగా కదిలిస్తూ యానిమేషన్ చేశాడు. మొదటి ప్రపంచ యుద్ధం వచ్చాక అదే విద్య యుద్ధ పటాలకు పనికొచ్చింది. టర్కీ దగ్గర జరిగిన డార్డనెల్స్ పోరు లాంటివాటిని కదిలే మ్యాపులతో జనానికి చూపించాడు.

యుద్ధం తర్వాత 1919లో బ్రూస్ వుల్ఫ్ అనే ఆయన బ్రిటిష్ ఇన్‌స్ట్రక్షనల్ ఫిల్మ్స్ అనే కంపెనీ పెట్టాడు. 1922 నుంచి ‘సీక్రెట్స్ ఆఫ్ నేచర్’ పేరుతో సుమారు పది నిమిషాల సినిమాలు వరసగా విడుదల చేసింది. 1933 దాకా నూటికి పైగా వచ్చాయి. అప్పట్లో బళ్ళలో ప్రొజెక్టర్లు ఎక్కడో ఒకచోట తప్ప లేవు. అందుకని అసలు సినిమాకు ముందు హాళ్ళలో వేసేవారు. మన హాళ్ళలో ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీలు చూసి పెరిగిన నా వయసు వాళ్ళకు ఆ పద్ధతి వెంటనే అర్థమవుతుంది. పక్షులు తీయడానికి ఆలివర్ పైక్ లాంటివాళ్ళు ఉండేవారు. మొక్కలు, బూజులు, నీటి చుక్కలో ప్రాణులు వచ్చేసరికి స్మిత్. సిరీస్‌ను ఒక దారిలో పెట్టి నడిపింది మేరీ ఫీల్డ్. చరిత్ర పాఠాలు చెప్పి సినిమాల్లోకి వచ్చిన ఆవిడ ఎడిటింగు, కామెంటరీ చూసుకునేది. ఆవిడ గురించి మీరు విడిగా చదవాలి, తర్వాత పిల్లల సినిమాల్లో చాలా పెద్ద పని చేసింది.

స్మిత్ పేరు ఎందుకు మరుగున పడిందో కూడా ఇక్కడే తెలుస్తుంది. జనం గుర్తు పెట్టుకున్నది సిరీస్ పేరు. సినిమాలో మనిషి కనపడడు, పువ్వు కనపడుతుంది. దానికి తోడు మన డాక్యుమెంటరీ చరిత్రలు రాసినవాళ్ళు కార్మికులు, ఓడలు, పోస్టాఫీసుల మీద వచ్చిన సినిమాలను అసలు డాక్యుమెంటరీగా లెక్కేసి, ఇలాంటివాటిని బడిపిల్లల సరంజామాగా పక్కన పెట్టారు. ఆ విభజన తప్పని నా గట్టి అభిప్రాయం. కంటికి అందని కాలాన్ని కంటికి అందించడం కంటే పెద్ద డాక్యుమెంటరీ పని ఏముంటుంది?

1931లో వచ్చిన ‘మ్యాజిక్ మిక్సీస్’ చూస్తే మీరూ ఒప్పుకుంటారు. ఇది స్లైమ్ మోల్డ్ మీద, అంటే మన పుస్తకాల్లో జిగురు బూజు. వానాకాలం కుళ్ళిన దుంగల మీద పసుపు ముద్దలా కనపడుతుందే, అది. ఉత్త కంటికి కదలదు. స్మిత్ తీసిన దాంట్లో అది నరాలు పరుచుకుంటూ పాకుతుంది, లోపలి ద్రవం ముందుకు పారి, ఆగి, వెనక్కి పారుతుంది. శ్వాస తీస్తున్నట్టు ఉంటుంది. దాన్ని ఇప్పుడు శిలీంధ్రాల్లో కాక ప్రొటిస్టుల్లో ఎందుకు పెట్టారో మీరు అరగంట చెప్పే పాఠం, ఆ రెండు నిమిషాల్లో కంటికే అర్థమవుతుంది. ఏదైనా ప్రాణి మనకు పీడ అనిపిస్తే దాని మీద సినిమా తీస్తాను, అప్పుడది అందంగా కనిపిస్తుంది అన్న అర్థం వచ్చే మాట స్మిత్ పేరు మీద ఉంది. బూజు మీద ‘ప్లాంట్స్ ఆఫ్ ది ప్యాంట్రీ’ (1927) చూశాక మా ఇంట్లో పచ్చడి జాడీ మీద బూజు కనపడితే నేను కాసేపు భూతద్దంతో చూసి గానీ పారబోయలేదు.

1930ల్లో ఆ సిరీస్ గామాంట్-బ్రిటిష్ ఇన్‌స్ట్రక్షనల్ కింద ‘సీక్రెట్స్ ఆఫ్ లైఫ్’ అయింది. స్మిత్ చివరిదాకా అందులో పనిచేశాడు. మేరీ ఫీల్డ్‌తోనూ, వాలెంటైన్ డర్డెన్‌తోనూ కలిసి 1941లో ‘సినీ-బయాలజీ’ అనే పుస్తకం రాశాడు. 1945 మార్చిలో సౌత్‌గేట్‌లోనే పోయాడు. మొదటి ఈగ నుంచి లెక్కేస్తే 37 ఏళ్ళు.

ఇక క్లాసులో ఎలా చూపించాలో నా సలహా. బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఈ సినిమాలను భద్రపరిచి, కొన్నిటిని ఇంటర్నెట్‌లో పెట్టింది. 2016లో స్టువర్ట్ స్టేపుల్స్ అనే సంగీతకారుడు స్మిత్ షాట్లు కూర్చి, కామెంటరీ తీసేసి కొత్త సంగీతంతో ‘మినిట్ బాడీస్’ అని గంట నిడివి సినిమా చేశాడు. అది మీరు చూడండి, పిల్లలకు మాత్రం విడి సినిమాలే వేయండి. 1930ల కామెంటరీలో మొక్కలను మనుషుల్లా, కొంటెగా మాట్లాడే అలవాటు ఉంది. అది అప్పటి హాళ్ళ కోసం. సౌండు ఆపేసి, మీరే పక్కన నిలబడి తెలుగులో చెప్పండి.

పిల్లల చేత తీయించాలంటే ఇప్పుడు ఫోను చాలు. మినుము గాని, బొబ్బర గాని నానబెట్టి గాజు గ్లాసు పక్కకు ఆనించి నాటమనండి, వేరు కూడా కనపడుతుంది. ఫోన్లో ఉండే మామూలు టైమ్‌లాప్స్ బటన్ వద్దు, ఫ్రేముకూ ఫ్రేముకూ మధ్య ఎంత సమయమో మనమే పెట్టుకునే యాప్ వేసుకోమనండి. పది రోజులు, ఇరవై నిమిషాలకొకటి అంటే 720 ఫ్రేములు, సెకనుకు 24 చొప్పున సరిగ్గా 30 సెకన్లు. ఫోను చార్జింగులోనే ఉండాలి, ఎవరూ కదపకూడదు. కిటికీ వెలుతురు వద్దు, మేఘం వచ్చి పోయిన ప్రతిసారీ బొమ్మ మిణుకుతుంది. మూల గదిలో, మొక్కకు రెండు పక్కలా ఒకే వాటేజీ బల్బులు పెట్టండి, ఇన్వర్టర్ లైనులోంచి. మొదటి రోజు మొక్క ఫ్రేములో కింది మూడో వంతుకు మించకూడదు. పైన అంత ఖాళీ ఎందుకని పిల్లలు అడుగుతారు. ఏడో రోజు దాకా జవాబు చెప్పకండి.

మీ ఊళ్ళో మాగాణి మినుము ఉంటే డిసెంబరు నెలాఖరులో ఒక బంగారు తీగ మొలకను కూడా గ్లాసులో పెట్టించండి, పని అయ్యాక దాన్ని కాల్చేయడం మరవద్దు, ఒక్క ముక్క చేలో పడినా మళ్ళీ అంటుకుంటుంది. ఆ షాటు వస్తే నాకు పంపండి. వెలుతురు మారకుండా, ఎక్కడా గెంతకుండా ఆ తీగ కాడను పట్టుకోవడం మన నేల మీద తీసింది నేనింకా చూడలేదు.